ముప్పయ్యో నాటి తాళం

1974లో నేను హైదరాబాదు రెంట్ కంట్రోల్ కోర్టులో కిరాయిదారుల తరఫున వాదించే చిన్న వకీలును. ఇళ్ల యజమానులు పెద్ద వకీళ్లను పెట్టుకునేవారు. ఓడిపోయే కేసులన్నీ నా బల్ల మీదికి వచ్చేవి. ఎస్తేరమ్మ కేసూ అలా వచ్చిందే.

ఆమె సర్కారు దవాఖానాలో ఆయా. భర్త పోయాడు. పురానాపూల్ దగ్గర రెండు గదుల ఇంట్లో పద్దెనిమిదేళ్లుగా కిరాయికి ఉంటోంది. ముగ్గురు పిల్లలూ అక్కడే పుట్టారు. ఇంటి యజమానురాలు జైనబ్ బీ గుల్బర్గాలో తమ్ముడి దగ్గర ఉండేది. పుట్టిన ఇంట్లోనే చివరి రోజులు గడపాలని ఆమె దావా వేసింది. యజమాని సొంతంగా ఉండటానికి అడిగి, ఆ అవసరం నిజమని కోర్టు నమ్మితే కిరాయిదారు ఖాళీ చేయాల్సిందే. మేం ఓడిపోయాం. ఎస్తేరమ్మ ఖాళీ చేసిన ఇంటికి జైనబ్ బీ తరఫువాళ్లు తాళం వేసుకుపోయారు.

అయితే చట్టంలో ఒక మెలిక ఉంది. ఇల్లు చేతికొచ్చిన నెల రోజుల్లో యజమాని అందులో కాపురం పెట్టకపోతే, ఇల్లు తిరిగి ఇప్పించమని పాత కిరాయిదారు దరఖాస్తు చేసుకోవచ్చు. తాళం తీశారో లేదో రోజూ చూసి రమ్మని ఎస్తేరమ్మకు చెప్పాను. డ్యూటీ దిగి వెళ్లి చూసి, “తాళమే ఉన్నది సారూ” అని మా ఆఫీసు మెట్ల మీదే చెప్పి పోయేది. ఆ ఇంటి కోసం ఆమె ప్రాణం కొట్టుకుంటోందని గొంతులోనే తెలిసేది. నాకూ ఆశ పుట్టింది. ఇరవై తొమ్మిదో నాడే దరఖాస్తు టైపు చేయించి పెట్టాను.

ముప్పయ్యో నాడు సాయంత్రం ఆమె లోపలికి వచ్చి కూర్చుంది. జైనబ్ బీ సామానుతో ఒక్కతే రిక్షా దిగిందట. తాళమైతే తీసింది గాని, వానలకు ఉబ్బిన తలుపు ఎంత తోసినా రాలేదట. ఇక అఫ్జల్‌గంజ్‌లో బంధువుల ఇంటికి రిక్షా మళ్లించమందట.

“ఆ తలుపు నా మాట తప్ప ఎవ్వల మాట ఇనదు సారూ. కాలుతోటి కింద ఎత్తి, భుజంతోటి నూకిన. తెరుసుకున్నది.”

నాకు ఒళ్లు మండింది. ఏందమ్మా గిట్ల చేసినవని కసిరాను.

“ఆమె గుడ నా లెక్కనే ఆ గడప ముంగట నిలవడ్డది. ఎట్ల పోనిస్త?”

లోపలికి వెళ్లావా అని అడిగాను.

“పోలే సారూ. పోతే మళ్ల బయటికి రాబుద్ధి గాదు.”

టైపు చేయించిన కాగితాన్ని ఫైలులో పెట్టి కట్ట కట్టేశాను.

ఆ తర్వాత ముప్పయ్యేళ్లు ప్రాక్టీసు చేశాను. ఇలాంటి కేసుల్లో తాళం చూడటానికి వేరే ఎవరినైనా పంపండి, మీరు మాత్రం ఆ గల్లీకి వెళ్లకండి అని మొదటి రోజే చెప్పడం నేర్చుకున్నాను. ఒక్కరూ వినలేదు.