కెమెరా మీద తువ్వాలు

మా రొయ్యల గుంటల దగ్గరుండే షెడ్డులో నాయన కెమెరా పెట్టించినాడు. అక్కడ కాపలా ఉండే మనిషి నేను పుట్టకముందు నుంచీ మా దగ్గరే పనిచేస్తున్నాడు. అయినా నాయనకు మేత బస్తాల మీద అనుమానం. తాళం వేసినాక కూడా దాన్ని నాలుగుసార్లు లాగి చూసే మనిషి ఆయన.

రోజూ మధ్యాహ్నం నాయన ఫోనులో కెమెరా బొమ్మ ఉన్నట్టుండి నల్లగా అయిపోయేది. కాసేపటికి మళ్లీ వచ్చేది. ఒకరోజు వెనక్కి తిప్పి చూస్తే, ఆ కాపలా మనిషే స్టూలెక్కి కెమెరా మీద తన తువ్వాలు కప్పుతున్నాడు.

"చూసినావా, దొరికినాడు దొంగ!" అని నాయన బండి తీసినాడు. నేనూ వెనకాల ఎక్కినాను. మేము షెడ్డులోకి పోయేసరికి ఆ కాపలా మనిషి గోడవారగా కూర్చుని అన్నం తింటున్నాడు. మమ్మల్ని చూసి కంచం పక్కకు నెట్టి గబుక్కున లేచి నిలబడినాడు. మేత బస్తాలు ఎక్కడివక్కడే ఉన్నాయి.

"కెమెరా ఎందుకు మూసినావురా?" అన్నాడు నాయన.

"దాంట్లో మీరు చూస్తా ఉంటారంట కదన్నా. మీ ముందర కూర్చోని ఎట్లా తినేది?"

ఈ కాలంలో ఇంత మర్యాద ఎవరికుందని నాయన దారంతా మురిసిపోయినాడు. నాకు ఒళ్లు మండింది. "అయితే ఆ కెమెరా తీసేయించు" అన్నాను. నాయన బండి వేగం పెంచినాడు.

మరుసటి రోజు మధ్యాహ్నం మళ్లీ తువ్వాలు పడింది. అక్కడ ఆయన అన్నం తింటున్నాడు. ఇక్కడ నాయన మాత్రం కలిపిన ముద్ద కంచంలోనే వదిలేసి, నల్లటి ఫోను వైపే చూస్తా కూర్చున్నాడు, ఆ గుడ్డ ఎప్పుడు తీస్తాడా అని.