ఆమె ఫోన్‌ల నా నాడి

ముందే చెప్తున్న, నాకు పెంచి చెప్పే రోగం ఉంది. గుండె రోగం మొన్న మొన్న వచ్చింది, ఇది పుట్టుకతోటే వచ్చింది. మా పాతబస్తీ ఛత్రినాకల నాలుగు చినుకులు పడితే మా గల్లీల పడవలు తిరిగినయని ఆఫీసుల చెప్పేటోన్ని. ఎవరిదన్న రిటైర్మెంట్ ఫంక్షన్‌ల నా చేతికి మైక్ ఇస్తే, బిర్యానీ చల్లగయ్యేదాక ఎవ్వరు గుంజుకోలేకపోయేది. కాబట్టి ఈ రాసిన దాంట్ల కొంత నమ్ముండ్రి, కొంత ఇడువుండ్రి. ఏది ఇడువాల్నో ఆఖరికి నేనే చెప్త.

ఆ దినం క్వింటాల్ బియ్యం బస్తా భుజం మీద ఏసుకొని రెండో అంతస్తుకు ఎక్కుతున్న. సరే, పది కిలోల సంచి. సగం మెట్ల మీద ఛాతిల, పెండ్లి ఊరేగింపుల డప్పులు కొట్టే మర్ఫా బ్యాండ్ దిగింది. మంచి మర్ఫా గూడ కాదు, ఒకని దెబ్బకు ఇంకొకని దెబ్బ కలవని మర్ఫా. కండ్లు మసకలు కమ్మినయి. సంచి పక్కనే కూలబడ్డ. పైనుంచి నా భార్య సరోజ తొంగి చూసింది.

"ఏందయ్యా, బియ్యం మెట్ల మీదనే వండుమంటవా?"

"గుండెల లొల్లి అయితుంది."

"నీ నోట్లకెల్లి కిందికి దిగింది కావచ్చు" అనుకుంట వచ్చింది గని, నా నాడి పట్టంగనే ఆమె నవ్వు ఆగిపోయింది. "ఇదేం కొట్టుడు?" అన్నది.

కింది పోర్షన్‌ల ఉండే ఖాజా భాయ్ ఆటోల సంతోష్‌నగర్ దిక్కు ఆస్పత్రికి పోయినం. చార్మినార్ నుంచి ఫలక్‌నుమా దాక పరిచేటంత ఈసీజీ కాయితం తీసిన్రు. డాక్టర్ మేడమ్ చూసి చెప్పింది, "ఎట్రియల్ ఫిబ్రిలేషన్, ఏఎఫ్ అంటాం. గుండె కొట్టుకుంటుంది కానీ రిథమ్ లేదు. అసలు భయం క్లాట్‌తో. ఆ రక్తం గడ్డ మెదడుకు పోతే స్ట్రోక్."

ఎకో, థైరాయిడ్, ఆ తర్వాత హోల్టర్. హోల్టర్ అంటే ఛాతికి వైర్లు, నడుముకు డబ్బా, ఒక దినమంతా గట్లనే తిరగాలె. గుడికి పోతే షాక్ కొడ్తదని పూజారి గజం దూరంల నిలబడి హారతిచ్చిండు. రక్తం గడ్డకట్టకుంట బ్లడ్ థిన్నర్, గుండె వేగం తగ్గేటందుకు బీటా బ్లాకర్ మొదలైనయి. కొన్ని దినాలు మంచిగుండె. మళ్ల మర్ఫా దిగింది. ఈసారి ఐసీయూల పెట్టి, మత్తిచ్చి, కార్డియోవర్షన్ చేసిన్రు. ఛాతికి షాకిచ్చి గుండెను లైన్‌కు తెచ్చుడన్నమాట.

"రిథమ్ వచ్చింది. మళ్లీ పోవచ్చు, మీకు తెలియకుండానే పోవచ్చు. అదే ప్రాబ్లమ్" అన్నది మేడమ్.

ఆ మాట విని మా బిడ్డ శ్వేత స్మార్ట్ వాచీ కొనుక్కొచ్చింది. దాన్ని ఫోన్‌కు కలపాలె. నా ఫోన్‌ల జాగ లేదు, అంతా గుడ్ మార్నింగ్ ఫొటోలే, ఒక్కొక్క దాంట్ల ఇద్దరిద్దరు దేవుళ్లు.

"అయితే నా దానికి కలుపు బిడ్డా. ఎట్లయినా చూసుకునేది నేనే గద" అన్నది సరోజ.

గట్ల వాచీ నా చేతికి, నా నాడి ఆమె ఫోన్‌ల. వాచీ వణికితే భయానికే గుండె దడదడ అంటుందని ఆ వణుకుడు గూడ బంద్ పెట్టించిన. చూసేటందుకు ఆమె ఉన్నది, నాకేం ఫికర్.

ఇంటికి దూరం పోతే వాచీకి, ఫోన్‌కు సంబంధం తెగుతది. దినమంతా జరిగింది వాచీ మూటగట్టి పెట్టుకుంటది. సాయంత్రం నేను మెట్లెక్కంగనే ఆ మూటంతా ఫ్రిజ్ మీదున్న ఆమె ఫోన్‌ల పడేది. టింగుమని మోగేది. నేను చెప్పులు ఇడువకముందే విచారణ.

"పదకొండున్నరకు నూట పన్నెండు ఉన్నది. ఎవరితోని లొల్లి పెట్టుకున్నవ్?"

"లిఫ్ట్ ఖరాబైతే మెట్లెక్కిన."

"మీ ఆఫీసుకు లిఫ్ట్ యాడిదయ్యా?"

ఠాణాల గూడ గట్ల అడగరు. మిర్చి తిన్నది గూడ దాంట్ల కనిపిస్తదని చాలా దినాలు నమ్మిన. ఈ భూమ్మీద ఏ మొగుని నాడిని ఏ పెండ్లాం గంత శ్రద్ధగ చదివి ఉండదు.

చెకప్‌కు పోయిన ప్రతిసారి ఫైలు ఆమె చేతిలనే. నాకు బీపీ చూస్తుంటే పక్క కుర్చీల కూసొని మెషీన్ దిక్కే చూసేది. ఆ పట్టీ ఒక్కసారి ఆమె చేతికి గూడ కట్టాల్నని ఎవ్వరికి తోచలే. నాకు, బిడ్డకు, మేడమ్‌కు, ఆమెకు గూడ. ఆమెకు ఛాతిల మంట, దవడ నొప్పి, నాలుగు గిన్నెలు తోమితే ఆయాసం. అడిగితే "గ్యాస్" అనేది. జీలకర్ర నీళ్లు తాగి మళ్ల ఫోన్‌ల నా నాడి గీతలు చూసుకుంట కూసునేది.

ఒక ఆదివారం పొద్దున ఇడ్లీ పిండి రుబ్బుతుంటే ఆమెకు చెమటలు పట్టినయి. వంటింట్ల గోడకు ఆనుకొని కింద కూసున్నది. ముఖం సున్నం లెక్కయింది. ఖాజా భాయ్ చెప్పులు గూడ ఏసుకోకుంట ఆటో తీసిండు. "భాభీ, హిమ్మత్ రఖో, ధైర్యంగ ఉండు, వచ్చేసినం" అనుకుంట హారన్ మీదికెల్లి చెయ్యి తీయలే. ఆటోల సరోజ నా చెయ్యి పట్టుకొని వాచీ దిక్కు చూసింది.

"నీది నూట ముప్పై ఉన్నది. నిమ్మలంగ ఊపిరి తీస్కో. నాకేం కాదు" అన్నది.

ఎమర్జెన్సీల లోపలికి తీస్కపోయిన్రు. మాసివ్ ఎంఐ, అంటే పెద్ద గుండెపోటు అన్నరు, సీపీఆర్ అన్నరు. తలుపు తెరుసుకొని మేడమే బయటికొచ్చింది.

"సారీ సార్. చాలా రోజులుగా సింప్టమ్స్ ఉండి ఉండాలి. ఆవిడ ఏమీ చెప్పలేదా?"

చెప్పింది మేడమ్. గ్యాస్ అని చెప్పింది.

కాయితాలకు సరోజ ఆధార్ కార్డు కావాల్నన్నరు. దాని కోసం ఒక్కన్నే ఇంటికొచ్చి మెట్లెక్కిన. టింగ్. ఫ్రిజ్ మీద ఫోన్ మోగింది. పొద్దుట్నుంచి నా గుండె పడ్డ తండ్లాటంతా దాంట్ల దిగింది. గీత గోలకొండ ఖిల్లా అంత ఎత్తుకు లేచి ఉన్నది. ఆ దినం నేను పెంచి చెప్పేటందుకు ఏం మిగుల్లే. చెప్పులు ఇడిసి నిలబడ్డ. ఏమైందని అడిగేటోళ్లు లేరు. గ్రైండర్ల పిండి సగం నలిగి ఉన్నది.

దినాలయిపోయినంక గూడ ఆమె ఫోన్‌కు చార్జింగ్ పెడుతనే ఉన్న. సాయంత్రం మెట్లెక్కేది, అది మోగేది, నేను కొద్దిసేపు గుమ్మంలనే నిలబడేది.

"బాపు, అమ్మ ఫోన్ ఎందుకు చార్జింగ్ పెడ్తున్నవ్?" అని శ్వేత అడిగింది.

"నా నాడి దాంట్లనే ఉన్నది బిడ్డా."

శ్వేత లోపలికి పోయి ముఖం కడుక్కున్నది.

ఒక సాయంత్రం ఫోన్ రెండుసార్లు మోగింది. చూస్తే రిథమ్ తప్పిందని, అది గూడ పొద్దున ఆఫీసుల ఉన్నప్పట్నుంచే. నాకేం తెలువలే. ఆ రోజులల్ల ఛాతిల ఉన్నది దుఃఖమో ఏఎఫ్‌నో తేడా దొరుకుతలేకుండె. ఆస్పత్రికి పోతే మేడమ్ కోపానికొచ్చింది.

"అలర్ట్ పొద్దున ఉంది. సాయంత్రం దాకా ఏం చేశారు?"

"అలర్ట్ మా ఇంటామె ఫోన్‌కు పోతది మేడమ్."

మేడమ్ రాసుడు ఆపింది. "ఇప్పుడు ఆ ఫోన్ ఎవరు చూస్తున్నారు సార్?"

ఫంక్షన్లల్ల మైక్ ఇడువనోన్ని, ఆ ఫోన్ తీసి బల్ల మీద పెట్టిన.

"దాన్నుంచి వాచ్ డిస్కనెక్ట్ చేయించండి. మీ జేబులో ఉండే ఫోన్‌కు పెట్టుకోండి. క్లాట్ సాయంత్రం దాకా ఆగదు" అన్నది.

రెండు ఫోన్లు పట్టుకొని మా చౌరస్తాల ఫోన్లు బాగుచేసే దుకాణానికి పోయిన. దుకాణపాయన సరోజ ఫోన్ తెరిచి నవ్విండు.

"చాచా, వాచీకి పేరేంది, లొల్లి అని పెట్టిన్రు?"

ఆ పేరు సంగతి నాకూ అప్పుడే తెలిసింది. "మా ఇంటామె పెట్టింది. ఆమె పోయింది" అన్న.

అతని నవ్వు పోయింది. గొంతు తగ్గించి, "ఫోన్‌ల ఉన్నది ఉంటది చాచా. వాచీలది సబ్ సాఫ్ అయితది, ఏం మిగలదు. బటన్ ఒత్తాల్నా?" అన్నడు.

"నేనొత్త" అన్న.

నా ఎనక ముగ్గురు నిలబడ్డరు. ముప్పై మంది అని రాద్దామనుకున్న. ఎవ్వరు జల్దీ అనలే. ఒత్తిన. వాచీ నల్లగైంది. కొద్దిసేపటికి తెల్లగై, ఏ భాష కావాల్నని అడిగింది, నన్నెప్పుడు చూడనట్టు.

ఇప్పుడు నా ఫోన్‌ల దేవుళ్లను సాగనంపి జాగ చేసిన. వాచీ వణుకుడు మళ్ల షురూ చేయించిన. అలర్ట్ వస్తే నా జేబుల మోగుతది, శ్వేతకు గూడ పోతది. గోలీలు మార్చినంక రిథమ్ నిలబడ్డది. ఆఫీసుకు పోతున్న. సాయంత్రం ఇంటికొస్తే ఏం మోగదు. మొదట్ల గుమ్మంల ఆగేటోన్ని, ఇప్పుడు ఆగకుంట పోయి టీవీ పెడ్తున్న.

చదివేటోళ్లకు ఒక్కటే మాట. మీరు చెకప్‌కు పోయినప్పుడు మీ పక్కన ఫైలు పట్టుకొని ఒక మనిషి కూసుంటది. మీకు బీపీ చూసినంక ఆ పట్టీ ఆమె చేతికి గూడ కట్టమనుండ్రి. ఒక ఈసీజీ తీయమనుండ్రి. "నాకేమైంది" అంటది. అననీయుండ్రి, కట్టించుండ్రి. దవడ నొప్పి, ఆయాసం అంటే అది గ్యాసో కాదో ఇంట్ల తేల్చకుండ్రి.

ఇగ ఇడువాల్సింది చెప్త. పెంచింది యాడ పెంచిన్నో మీకు తెలుస్తనే ఉన్నది. పుట్టించింది ఒక్కటే. ఆటోల ఆమె మాట్లాడిందని రాసిన గద, నూట ముప్పై ఉన్నది, నిమ్మలంగ ఊపిరి తీస్కో అని. ఆమె ఏం మాట్లాడలే. కండ్లు మూసుకొని నా భుజం మీద తల పెట్టింది, ఆస్పత్రి దాక అంతే. చెయ్యి పట్టుకున్నది మాత్రం నిజం. వాచీ ఉన్న చెయ్యి కాదు, ఇంకోటి.