నానీ ఒక్కతే తిన్న మధ్యాహ్నం

కాలేజీలో మా సీనియర్ ఒకతను ఒంటరితనం మీద ప్రయోగాత్మకంగా షార్ట్ ఫిల్మ్ తీస్తున్నానని, ఒక ముసలి మొహం కావాలని అడిగాడు. కల్లూరులో మా ఎదురింటి అవ్వ, వీధంతా నానీ అని పిలిచే ఆమె, ఒక్కతే ఉంటుందని చెప్పింది నేనే. నలుగురిలో నోరు తెరవనిదాన్ని, ఆ రోజు అందరికంటే ముందు పలికాను. అతను మెచ్చుకోలుగా చూస్తే పొంగిపోయాను కూడా. తలుచుకుంటే రోత.

నానీకి ఉన్నది ఒక్క గది. కానీ దాని ముందున్న అరుగు మీద పొద్దుటి నుంచీ వీధిలో ఆడవాళ్లు నలుగురైదుగురు కూర్చుని పాత చీరలతో బొంతలు కుడుతుంటారు. మధ్యాహ్నం గిన్నెలు తెచ్చుకుని అక్కడే తింటారు. షూటింగ్ రోజు నానీ మాకోసం జొన్నరొట్టెలు, వంకాయ కూర చేసి, ముందు తినండి, పని తర్వాత అంది. పళ్లెం ఫ్రేములో బాగుందని సీనియర్ ఎవరినీ ముట్టుకోనివ్వలేదు. అరుగు మీది వాళ్లను పంపేసి తలుపు వేయించాడు.

"మనమంతా సచ్చిపోయినట్టే లెక్కంట, పాండి" అని ఒకామె నవ్వుతూ సూదీదారం ఎత్తుకుపోయింది.

తర్వాత నానీని ఒక్కదాన్నే తినమన్నాడు. ఎదుట మనిషి ఊరికే నిలబడి ఉంటే ఆమె ఎప్పుడూ తిని ఎరగదు. రొట్టె తుంచి, వెలుగు కోసం థర్మోకోల్ అట్ట పట్టుకున్న నా వైపు చాచేది.

"నువ్వూ తిను పాపా. నువ్వట్లా సూస్తాంటే నాకు యాడ దిగుతాది?"

అతను విసుక్కుని మళ్లీ మొదలుపెట్టించేవాడు. ఎనిమిదోసారో తొమ్మిదోసారో ఆమె కళ్లలో నీళ్లు తిరిగాయి. "అదే, అదే కావాలి" అని గొణిగాడు. నేను అట్టను ఇంకాస్త దగ్గరికి జరిపాను. ఆమె చెంప బాగా కనబడాలని.

కాలేజీలో తెర మీద ఆ చెంప కనబడినప్పుడు, ఈమెకు ఎవరూ లేరు అని సినిమాలో వ్యాఖ్యానంగా అతని గొంతు వినిపించింది. అందరూ లేచి చప్పట్లు కొట్టారు. నేనూ కొట్టాను.

వారం తిరక్కుండా వీడియో మా వీధి ఫోన్లలోకి వచ్చింది. నానీ నన్ను అరుగు దగ్గరికి పిలిపించింది.

"నాకెవురూ లేరని నువ్వే చెప్పినావా?"

"ఇంట్లో ఒక్కదానివే ఉంటావని మాత్రమే చెప్పినా నానీ."

ఆమె మళ్లీ బొంత మీదికి వంగింది. పక్కన కుడుతున్న మిగతావాళ్లు తలెత్తలేదు, ఎవరూ జరిగి చోటివ్వలేదు. కాసేపు నిలబడి ఇంటికి వచ్చేశాను. నేను చెప్పినదాంట్లో అబద్ధం లేదని డైరీలో రాయబోయాను. నా చేతిరాత చూడలేక డైరీ మూసేశాను.