చివరి మ్యాచ్‌లో విప్పిన తొమ్మిదో నంబరు

మా ఫుట్‌బాల్ కోచ్ జర్మన్. అక్కడ ఏదో చిన్న ఊరి టీమ్‌లో ఫార్వర్డ్‌గా గోల్స్ కొట్టి, తర్వాత అదే టీమ్‌కు మేనేజరై, చివరికి భార్య ఊరైన హామిల్టన్‌కు వచ్చి మా నెత్తిన పడ్డాడు. మా ఆటగాళ్ళంతా ఇక్కడికి చదువుకోవడానికి వచ్చి, ఉద్యోగాల్లో సెటిలైన తెలుగువాళ్ళు. అందరిలోకీ పెద్దవాణ్ణి నేను. నలభై దాటినా ఫార్వర్డ్‌ని, తొమ్మిదో నంబరు చొక్కా నాదే. దాన్ని వదులుకునే ఉద్దేశం నాకు ఏ కోశానా లేదు.

ఆ ఆదివారం సీజన్‌లో ఆఖరి మ్యాచ్. గెలవకపోతే వచ్చే ఏడాది లీగ్‌లో కింది గ్రేడ్‌కు పోతాం. మైదానం మీద పొగమంచు ఇంకా విడవలేదు. సగం ఆట అయిపోయినా ఒక్క గోల్ లేదు.

విరామంలో అందరం నారింజ ముక్కలు చీకుతుంటే, కోచ్ మా కరీంనగర్ కుర్రాణ్ణి పిలిచాడు. "గోల్ ముందు నువ్వొక్కడివే ఉన్నావు. కొట్టకుండా బంతి వెనక్కెందుకిచ్చావు?"

వాడు బుర్ర గోక్కుంటూ నావైపు చూశాడు.

"ఏందిరా, చెప్పు!" అన్నాను.

"అన్నా, నువ్వుండంగ నేనెట్ల కొడ్త? మంచిగుండదు గదా."

మిగతావాళ్ళు కూడా తలలూపారు. ఒళ్ళు మండిపోయింది. ఇదేమైనా పెళ్ళి భోజనమా, ముందు పెద్దలకు వడ్డించడానికి! వీళ్ళు వచ్చిన కొత్తలో ఎయిర్‌పోర్టుకు వెళ్ళింది నేను, ఫ్లాట్‌లు వెతికిపెట్టింది నేను, డ్రైవింగ్ నేర్పింది నేను. ఆ మర్యాదంతా ఇప్పుడు బంతి రూపంలో నా కాళ్ళ దగ్గరికి వస్తోంది. నేనేమో నా ఆట చూసి ఇస్తున్నారనుకున్నాను.

కోచ్‌కు సంగతి విడమరిచి చెప్పాను. ఆయన నవ్వలేదు. నన్ను పక్కకు తీసుకెళ్ళాడు.

"మేనేజర్ అయ్యాక కూడా నేను ఆడేవాణ్ణి. టీమ్‌ను ఎంపిక చేసేది నేనే, ఫార్వర్డూ నేనే. కుర్రాళ్ళంతా బంతి నాకే ఇచ్చేవాళ్ళు."

"తర్వాత?"

"ఒకరోజు నన్ను నేనే తీసేసుకున్నాను. మేనేజర్‌గా నేను చేసిన మొదటి మంచిపని అది."

"అయితే నన్నూ తీసెయ్యి."

"తియ్యను. నేను తీస్తే వాళ్ళు నీకోసం బాధపడుతూ ఆడతారు. నీ అంతట నువ్వే బయటికి రావాలి."

చచ్చినా రాను అని నోటిదాకా వచ్చింది. వచ్చే సీజన్‌కు నా మోకాళ్ళు ఒప్పుకోవని నాకు తెలుసు, ఇప్పుడు బయటికొస్తే ఇక ఆడేది లేదు. కానీ టీమ్ కిందికి పోవడం నేను చూడలేను. చొక్కా విప్పి, బెంచీ మీదున్న కుర్రాడికి ఇచ్చాను. "ఏస్కో. మళ్ళ నాకియ్యకు." కరీంనగర్ వాడి వైపు తిరిగాను. "ఇంకోపారి బంతి ఎనక్కిస్తే కాళ్ళిరగ్గొడ్త బిడ్డా!"

ఆట మళ్ళీ మొదలైంది. చలికి జాకెట్ కప్పుకుని గీత బయట నిలబడ్డాను. చాలాసేపటికి కరీంనగర్ వాడికి బంతి దొరికింది. ఎదురుగా గోల్‌కీపర్ ఒక్కడే. అలవాటు కొద్దీ తలెత్తి నాకోసం మైదానమంతా వెతికాడు, చివరికి గీత దగ్గర కనిపించాను.

"నా దిక్కేం జూస్తవ్‌రా! కొట్టు!"

కొట్టాడు. బంతి గోల్ స్తంభానికి తగిలి లోపలికి పోయింది.

అందరూ మూలకు పరుగెత్తి వాడి మీద పడ్డారు. ఒక్కడూ నావైపు తిరగలేదు. నేను కోరుకున్నదీ అదే. అయినా ఏడుపొచ్చింది. ఆట ఇంకా మిగిలి ఉంది. కోచ్ వాళ్ళను వెనక్కి రమ్మని అరవబోయి, నన్ను చూసి ఆగిపోయాడు. కళ్ళు తుడుచుకుని నేనే అరిచాను.

"సంబరాలు చాలు! ఎనక్కి ఉరుకుండ్రి!"