షెఫీల్డ్ దుమ్ము

బాలత్రిపురసుందరి గారి కుడి ఊపిరితిత్తిలో శనగగింజంత మచ్చ కనిపించింది. పాతదైతే భయం లేదు, కొత్తదైతే కోసి తీయాలి అన్నాడు కెనడాలోని హామిల్టన్ ఆసుపత్రి డాక్టరు. పాత ఎక్స్‌రే ఏదైనా ఉందా అని అడిగాడు. లేదందామె. ఆపరేషన్‌కి తేదీ ఇచ్చాడు.

కోడలు మధుమిత సాయంత్రం వంటింట్లో కూర్చుని ఫారం నింపుతోంది.

"దుమ్ములో ఎప్పుడైనా పని చేశారా అని అడుగుతున్నారు అత్తయ్యా. లేదని పెట్టేస్తున్నా. షెఫీల్డ్‌లో మీరు టైపిస్టు కదా. టైప్ మిషన్‌కి దుమ్మేముంటుంది?"

అత్తగారు తుంచుతున్న చిక్కుడుకాయను పళ్ళెంలో పెట్టేసింది.

ఇంగ్లండులోని షెఫీల్డ్‌లో ఐదు నదులు. చిన్నవే, కానీ కొండల మీంచి వేగంగా దిగి నీటి చక్రాలను తిప్పేవి. ఆ కొండల్లో సానరాయి ఉంది. అందుకని కత్తులు చేసేవాళ్ళు చేరారు. తరవాత ఒక గడియారాల పనివాడు మట్టి మూసలో ఉక్కు కరిగించడం నేర్చాడు. ఊరు పెరిగింది. రైలు వచ్చింది, పెద్ద కొలుములు వచ్చాయి, తూర్పు లోయంతా పొగ కమ్మింది. ప్రపంచమంతా ఆ ఊరి చెంచాతో తిన్నది. సాన పట్టేవాళ్ళు మాత్రం చాలామంది నలభై దాటకుండానే దగ్గి దగ్గి పోయారు.

ఆమె పెళ్ళై అక్కడికి వెళ్ళింది 1978లో. నాలుగేళ్ళకు భర్త రామ్మోహన్ పని చేసే ఉక్కు మిల్లు మూసేశారు. ఆమె ఒక చెంచాల కార్ఖానాలో పాలిష్ చక్రం ముందు నిలబడింది. అక్కడి ఆడవాళ్ళు దుమ్ము అంటకుండా తలకు గుడ్డ, ఒంటికి గోధుమరంగు కాగితం, కాళ్ళకు న్యూస్‌పేపరు చుట్టుకునేవాళ్ళు. సాయంత్రానికి కనురెప్పలు కూడా నల్లబడేవి. భర్త ఇండియాలో ఇంటికి రాసే ఉత్తరాల్లో "సుందరి ఆఫీసులో టైపిస్టు" అని ఉండేది. ఆ మాట వాళ్ళతోపాటు కెనడా వచ్చింది. ఆయన పోయాక కూడా ఇంట్లోనే ఉంది.

"లేదని పెట్టకు," అందామె.

చెప్పడానికి పది నిమిషాలు పట్టింది.

మధుమిత పెన్ను కింద పెట్టింది. "మరి నిమిషానికి అరవై పదాలు కొట్టేదాన్ని అని మా అమ్మతో అన్నారు!"

"ఎక్కువ చెప్పానా?"

"చాలా ఎక్కువ."

అత్తగారు లేచి వెళ్ళి సూట్‌కేసు తెరిచింది. పట్టుచీరల అడుగు నుంచి పెద్ద కవరు తీసింది. కెనడాకి అప్లై చేసినప్పుడు, 1988లో, తీయించిన ఛాతీ ఎక్స్‌రే. కవరు మీద ఆమె పేరు, పక్కన ఆమె చేసే పని, కొట్టివేతలు లేకుండా స్పష్టంగా రాసి ఉన్నాయి.

"ఇది ఇంట్లో పెట్టుకునే లేదన్నారా!"

"కవరు మీద రాసి ఉంది కదమ్మా."

"అందుకని కోయించుకుంటారా?"

ఆమె కవరును కోడలి చేతిలో పెట్టింది.

మర్నాడు డాక్టరు ఆ ఫిల్మ్‌ను కిటికీ వెలుతురులో పట్టుకుని చూశాడు. స్కాన్ చూశాడు. మళ్ళీ ఫిల్మ్ చూశాడు. అదే చోటు, అదే కొలత. పెరగలేదు. దుమ్ము మిగిల్చిన పాత మచ్చ, ఆపరేషన్ అక్కర్లేదు, ఏడాదికోసారి వచ్చి చూపించుకుంటే చాలు అన్నాడు. తేదీ కొట్టేశాడు.

కారిడార్‌లోకి వచ్చాక మధుమిత గోడకు ఆనుకుని కళ్ళు తుడుచుకుంది. "మీకేం, హాయిగా నిలబడ్డారు," అని విసుక్కుంది. తరవాత భర్తకు ఫోన్ చేసింది. "ఏం లేదు మహీ. పాతదే. ఆపరేషన్ వద్దన్నారు. ఎలా తెలిసిందా? అదీ..." అని అత్తగారి వైపు చూసింది.

బాలత్రిపురసుందరి గారు చెయ్యి చాపి ఫోన్ తీసుకుంది.

"మహీధర్, నువ్వు పుట్టిన ఊళ్ళో మీ అమ్మ ఏం పని చేసిందో చెప్తాను. డ్రైవింగ్‌లో ఉన్నావా? అయితే కారు పక్కకి ఆపు."