రంగులు పలికే చోటు

ఏలూరు తంగెళ్ళమూడిలో సైదా వాళ్ళింటి నడవ నిండా మగ్గమే. తివాచీ నేతలో ఒకరు డిజైన్ కాగితం పట్టుకుని రంగులు పలుకుతారు, మగ్గం ముందు కూర్చున్నవాళ్ళు విన్నది విన్నట్టు ఉన్ని ముడులు వేసుకుపోతారు. ఆ వీధిలో పలికేది మగవాళ్ళు, ముడులు వేసేది ఆడవాళ్ళు. సైదా కాపరానికి వచ్చిన దగ్గర్నుంచీ పంతొమ్మిదేళ్ళు ఆమె భర్త రియాజే పలికాడు. "మూడు తెలుపు, రెండు ఎరుపు..." అంటూ అతను నెమ్మదిగా లాగి పలుకుతుంటే ఆమెకి కొల్లేట్లో పడవ మీద పోతున్నట్టుండేది.

2006 చలికాలంలో రియాజ్ పోయాడు. సగం నేసిన తివాచీ మగ్గం మీదే ఉండిపోయింది.

భర్త పోయిన ఆడది ఇల్లు కదలకుండా పాటించే నాలుగు నెలల పది రోజుల గడువు తీరాక, ఇంటర్ పరీక్షలు రాసిన కూతురు అర్షియా నాన్న కాగితం తాను చదువుతానంది. అత్తగారు బీబీకి నచ్చలేదు. తన కొడుకు తివాచీలో తప్పన్నది ఎవరూ చూడలేదని ఆవిడకి గొప్ప. మరిది ఫిరోజ్‌ని కూర్చోబెడదామంది. సైదా బతిమాలితే, సరే చూద్దాం, ఒక్క తప్పొచ్చినా ఫిరోజే అని తేల్చేసింది.

అర్షియా పాఠం అప్పజెప్పినట్టు గబగబా పలికేది. పొద్దు వాలి, కొల్లేరు వైపు నుంచి తడిగాలి మొదలయ్యేసరికి సైదాకి ఆ గొంతు అడుగున నెమ్మదిగా లాగి పలికే ఇంకో గొంతు వినిపించేది. కళ్ళు అరమూసుకుని దాని వెంటే పోయేది.

నాలుగో రోజు పొద్దున్నే బీబీ మగ్గం దగ్గర నిలబడిపోయింది. జానెడు మేర ఆకులు ఎర్రగా, పూలు ఆకుపచ్చగా ఉన్నాయి.

"ఏమ్మా, మీ కాలేజీలో ఆకులు ఎర్రగా కాస్తాయా?" అంది.

అర్షియా కాగితం చూపించి, సరిగ్గానే పలికానంది. బీబీ వినలేదు. ఫిరోజ్‌కి కబురు పెట్టమంది. పిల్ల తల దించుకుని కాగితం మడత పెడుతోంది.

సైదాకి తెలుసు. వెలుతురు తగ్గితే రియాజ్ ఎరుపునీ ఆకుపచ్చనీ తారుమారు చేసి పలికేవాడు. చెబితే చిన్నబుచ్చుకుంటాడని ఆమె నోరెత్తలేదు. తనే దిద్దుకుంటూ వేసేది. ఇప్పుడు పిల్ల సరిగ్గానే పలికినా, వేళ్ళు అలవాటుగా అలాగే తిప్పి వేసేశాయి. చెబితే పోయిన మనిషి పేరు తగ్గుతుంది. చెప్పకపోతే పిల్ల ఆ చోటు నుంచి లేచిపోతుంది.

"తప్పు దానిది కాదత్తమ్మా," అంది. అంతా చెప్పేసింది.

బీబీ ఆ ఎర్రటి ఆకుల్ని వేళ్ళతో తడిమింది.

"వాడికి తెలుసా?"

"తెలీదండీ."

బీబీ మగ్గం ముందు చతికిలబడి, తప్పు ముడులు ఒక్కొక్కటే విప్పడం మొదలుపెట్టింది. పని అయ్యేసరికి మధ్యాహ్నం దాటింది. అప్పుడు మనవరాలి వైపు చూడకుండానే అంది:

"కూర్చో. మొదటి నుంచి పలుకు. నిదానంగా."

అర్షియా పలికింది. సైదా ఆ ఒక్క గొంతే వినాలని చూసింది. ఎరుపంటే ఎరుపే వేసింది. కళ్ళు నిండి దారాలు అలుక్కుపోయాయి గానీ, చెయ్యి మాత్రం ఆపలేదు.