ఎన్నికల్లో నిలబడ్డ మా ఐరిష్ బాబాయ్

మొన్న సాయంత్రం సింగపూర్ సెంగ్‌కాంగ్‌లోని మా ఫ్లాట్ తలుపు తట్టి, ఒక కుర్ర అభ్యర్థి నవ్వుతూ కరపత్రం చేతిలో పెట్టి వెళ్ళాడు. "సో యంగ్ లా, మమ్మీ! భయం వెయ్యదా అతనికి?" అంది మా అమ్మాయి, ఇక్కడి యాసలో. ఎన్నికల్లో నిలబడేవాళ్ళ భయం సంగతేమో గానీ, వాళ్ళింట్లోవాళ్ళ భయం నేను దగ్గరుండి చూశాను. నిలబడింది మా పిన్ని భర్త. ఐర్లండ్‌లో పుట్టిన మనిషి.

కుర్రతనంలో సరుకు ఓడలో పనిచేస్తూ సింగపూర్ రేవులో దిగాడట బాబాయ్. జ్వరంతో ఆసుపత్రిలో చేరితే, అక్కడ నర్సు మా కాకినాడ పిన్ని. జ్వరం తగ్గేలోపు ఓడ వెళ్ళిపోయింది, ఆయన విచారించలేదు. రేవు దగ్గర ఓడలకు తాళ్ళు, రంగులు, లాంతర్లు అమ్మే కొట్టు పెట్టాడు, పిన్నిని చేసుకున్నాడు, ఇక్కడి పౌరుడయ్యాడు. తెలుగంతా పిన్ని దగ్గరే నేర్చాడు. ఆవిడ ఆయన్ను "రండి, కూర్చోండి, తినండి" అనేది కాబట్టి, తెలుగులో "రా" అనే మాట ఒకటుందని ఆయనకు చాలాకాలం తెలియదు. సోఫాలో పడుకున్న పిల్లిని కూడా "కొంచెం జరగండి" అనేవాడు.

రెండువేల సంవత్సరంలో కంప్యూటర్లన్నీ ఆగిపోతాయన్న గండం గడిచిన కొత్తలో, ప్రోగ్రామర్ ఉద్యోగానికి వచ్చి నేను వాళ్ళింట్లో దిగాను. బాబాయ్ కొట్టు అమ్మేసి ఖాళీగా ఉన్నాడు. వాళ్ళది పాత ఫ్లాట్ల బ్లాకు, లిఫ్టు అన్ని అంతస్తుల్లోనూ ఆగేది కాదు. నాలుగో అంతస్తులో మోకాళ్ళ నొప్పుల చైనీస్ ముసలావిడ మెట్ల మధ్యలో కూర్చుండిపోతే, ఈయన వెళ్ళి ఆవిడ బియ్యం సంచి మోసుకొచ్చేవాడు. లిఫ్టు అన్నిచోట్లా ఆగేలా చెయ్యమని ఎవరెవరికో ఉత్తరాలు రాశాడు, పని జరగలేదు. చివరికి ఒకరోజు భోజనాల దగ్గర, చారు జుర్రుకుంటూ, "నేను ఎలక్షన్‌లో నిలబడతానండీ" అన్నాడు. పిన్ని చేతిలో గరిటె ఆగిపోయింది. "మనం బతకడానికొచ్చాం ఇక్కడికి. నలుగురి నోళ్ళలో పడ్డానికి కాదు" అంది. అంతే, ఆ తరవాత మాటల్లేవు. వేళకు కంచం మాత్రం వచ్చేది. ఆయన కరపత్రాలు నేను ఆఫీసు నుంచి వచ్చాక టైపు చేసేదాన్ని, పిన్ని చూడకుండా. చూసేదనుకోండి, చూడనట్టు బట్టలు మడత పెట్టుకునేది.

నామినేషన్ రోజు ఒక బడి ఆవరణలో కూర్చున్నాం. పన్నెండు గంటలలోపు కాగితాలు ఇవ్వాలి. ఆ నియోజకవర్గం ఓటర్లే బలపరుస్తూ అక్కడే సంతకాలు పెట్టాలి, ఒక్కటి తగ్గినా చెల్లదు. అందరూ వచ్చారు, పక్క బ్లాకు టాక్సీ అంకుల్ తప్ప. ఫోన్ చేస్తే, కూతురికి నొప్పులొచ్చి ఆసుపత్రిలో ఉన్నాడట. "బిడ్డ ముఖ్యం కదండీ" అన్నాడు బాబాయ్. అన్నాడే గానీ మొహం పాలిపోయింది. నాకు ఓటు లేదు. పిన్నికి ఉంది. భయపడుతూనే ఫోన్ చేశాను. "నేను రాను" అని పెట్టేసింది. పావు తక్కువ పన్నెండుకి గేటు దగ్గర టాక్సీ ఆగింది. ఇంటి చెప్పులతోనే, గుర్తింపు కార్డు గుప్పిట్లో పట్టుకుని వచ్చింది పిన్ని. "ఏదే ఆ కాగితం?" అని నన్నడిగి, అద్దాలు సవరించుకుని, గుండ్రంగా సంతకం పెట్టింది. అప్పుడు, అన్ని వారాల తరవాత, ఆయనతో మాట్లాడింది: "గెలిచారంటే మాత్రం ఊరుకోను." ఆయన కళ్ళు తుడుచుకుంటూ, "గెలవన్లెండి" అన్నాడు.

మాట నిలబెట్టుకున్నాడు. ఓడిపోయాడు, పరువు పోయేంతగా మాత్రం కాదు. ఫలితం తెలిసిన మర్నాడు పొద్దెక్కాక లేచి, బాల్కనీలో కూర్చుని, "హమ్మయ్య!" అన్నాడు. ఎందుకని అడిగాను. "గెలిస్తే లిఫ్టు గురించి తప్ప ఇంకేం మాట్లాడాలో నాకు తెలీదమ్మా!" పిన్ని వంటింట్లోంచే పకపకా నవ్వింది. మెట్ల మీద ఎదురైనవాళ్ళంతా ఆగి ఆయన చెయ్యి పట్టుకున్నారు. టాక్సీ అంకుల్ పసిపాపను ఎత్తుకొచ్చి చూపించాడు. నలుగురి నోళ్ళలో పడ్డం ఇంత బావుంటుందని పిన్ని అనుకోలేదు. కొన్నేళ్ళకు గెలిచినవాళ్ళే ఆ లిఫ్టు సంగతీ చూశారు.

ఇప్పుడు వాళ్ళిద్దరూ లేరు. అప్పట్లో ఒక్కో రోజూ కదలకుండా మా గుండెల మీద కూర్చున్న ఆ ఎన్నికల వారాలు ఇప్పుడు తలుచుకుంటే నవ్వే వస్తుంది. కాలం ఎంతో పట్టుకుపోయింది గానీ, పోతూ పోతూ ఆ భయాన్ని కూడా తనతోనే తీసుకుపోయింది.